తేనె కావాలి, తేనెటీగ వద్దా?

గత సంవత్సరం మాఘమాసంలో ఒక సోమవారం. ప్రాతఃకాల అభిషేకానికి పంచామృతాలు సిద్ధం చేసుకుంటున్నాను. ఆవుపాలు, పెరుగు, నెయ్యి వరుసగా గిన్నెలలో పోసి, తేనె సీసా మూత తీస్తుండగా మా పేట పెద్దమనుషులు అయిదారుగురు ముఖమండపంలోకి వచ్చారు. వారి ముఖాలలో ఆందోళన స్పష్టంగా కనిపిస్తున్నది.

"పంతులుగారూ, పిల్లలు ఆడుకునే చోట రావిచెట్టుకు తేనెతుట్టె పట్టింది. ఎవరికి ఏం ముప్పు వస్తుందో తెలియదు. మనిషిని మాట్లాడాం. ఈ రాత్రికి కాగడా పెట్టి కాల్చేస్తాడు. దేవాలయ స్థలం కనుక మీ చెవిన ఒక మాట వేసి పోదామని వచ్చాం" అన్నారు.

నా చేతిలో తేనె గిన్నె ఉన్నది. వెంటనే నోట మాట రాలేదు.

మా ఆలయానికి ఉత్తరాన, ప్రాకారానికి ఆనుకొని చిన్న ఖాళీ స్థలం కలదు. పేటవారంతా చందాలు వేసుకొని అక్కడ రెండు ఉయ్యాలలు, ఒక జారుడుబల్ల, ఒక ఇసుక గుంట ఏర్పాటు చేశారు. సాయంకాలానికి ముప్ఫయి నలభై మంది పిల్లలు చేరతారు. సంధ్యాహారతి వేళ లోపల గంట, వెలుపల వారి కేరింతలు. ఆ రెండూ కలిసి వినబడని నాడు ఆలయం నాకు వెలితిగా తోస్తుంది. ఆ స్థలానికి నీడనిచ్చేది ఆ రావిచెట్టే. దాని కొమ్మకు సుమారు పాతిక అడుగుల ఎత్తున, చేటంత తుట్టె వేలాడుతున్నది. దాని మీద నల్లగా, వత్తుగా ఈగలు.

"అభిషేకం కానివ్వండి. సాయంత్రం అందరం కూర్చొని మాట్లాడుకుందాం. అంతవరకు పిల్లలను అటు పోనివ్వకండి" అని మాత్రం చెప్పి పంపించాను.

ఆనాడు నేను వెంటనే సరే అనలేకపోవడానికి ఒక కారణం ఉన్నది. అది చెప్పుకోదగిన విషయం కాదు. అయినా చెప్పకపోతే ఈ వ్యాసం వ్రాసే అర్హత నాకు లేదు.

ఒకసారి తల ఊపిన పాపం

ఇరవై ఏళ్ల కిందట ఇటువంటి మాటకే నేను తల ఊపాను. శివరాత్రి ఉత్సవాలు దగ్గరపడ్డాయి. గాలిగోపురం రెండవ అంతస్తు చూరుకు ఇటువంటి తుట్టే పట్టింది. భక్తులకు ఇబ్బంది కలుగుతుందని నలుగురూ అన్నారు. నేనూ కాదనలేదు. రాత్రి పదిగంటలకు ఒకడు నిచ్చెన ఎక్కి, కిరోసినులో తడిపిన కాగడాను తుట్టెకు ఆనించాడు. క్షణంలో అది భగ్గుమన్నది. రెక్కలు కాలిన ఈగలు నిప్పురవ్వల వలె రాలుతుంటే కింద నిలబడిన పిల్లలు మతాబులను చూసినట్టు చప్పట్లు కొట్టారు. ఆ చప్పట్లు నాకు ఇప్పటికీ వినబడతాయి.

తెల్లవారి చూస్తే గోపురం కింద ఊడ్చిన ఈగలు రెండు గంపలు. చావగా మిగిలినవి ఎక్కడికీ పోలేదు. మసిబారిన ఆ చూరునే పట్టుకొని గుంపుగా వేలాడుతున్నాయి. ఇల్లు కాలిపోయినవాడు ఆ గోడల దగ్గరే కూర్చోడా? మధ్యాహ్నం భక్తుల రద్దీలో కర్పూరపు పొగ పైకి లేవగానే అవి ఒక్కసారిగా దిగివచ్చాయి. పదకొండుమందిని కుట్టాయి. మా ఆలయం ఊడ్చే వృద్ధురాలు మూడు రోజులు ఆసుపత్రిలో ఉన్నది. ఈగలను కాల్చుదామన్న ఆలోచన ఆమెది కాదు. కాల్చినవాడు ఆ వేళ అక్కడ లేడు. సరే అన్న నాకు ఒక్క ముల్లూ దిగలేదు.

ఆ సాయంకాలం స్వామికి తేనెతో అభిషేకం చేస్తుంటే నా చేయి వణికింది. నేను వల్లించిన వేదం ఆనాడు నా అక్కరకు రాలేదనలేను. నేనే దానిని అక్కరకు తెచ్చుకోలేదు.

"మా బాబు ప్రాణానికి పూచీ పడతారా?"

గత సంవత్సరపు సంగతికి మళ్లీ వస్తాను. ఆ సాయంకాలం మండపంలో పేటవారు కూడారు. నేను ఈ పాత కథ చెప్పి, తుట్టెను కాల్చవద్దని కోరాను. అప్పుడు ఒక తల్లి లేచి నిలబడింది.

"పంతులుగారూ, మీరు చెప్పే భూతదయ వినడానికి బాగానే ఉంది. కిందటేడు మా బాబును ఒక్క ఈగ కుట్టింది. ముఖమంతా వాచిపోయి, ఊపిరి అందక, రాత్రికి రాత్రి ఆసుపత్రికి పరుగెత్తాం. రేపు వాడికి ఏమైనా అయితే వాడి ప్రాణానికి మీరు పూచీ పడతారా?"

మండపం నిశ్శబ్దమైపోయింది. నేను పూచీ పడలేను. ఏ మనిషీ పడలేడు. ఆమె అడిగినదానిలో తప్పు లేదు సరికదా, ఆ సభలో అందరికంటే ధర్మబద్ధమైన ప్రశ్న ఆమెదే. తన బిడ్డ కాని బిడ్డను పణంగా పెట్టి చేసే దయ దయ కాదు, దంభం. కనుక మొదటి మాట నిస్సంశయంగా చెబుతున్నాను. పిల్లల రక్షణ ముందు, తేనెటీగ తరువాత. ఈ వరుసలో మార్పు లేదు.

అయితే మనం వేసుకోవలసిన ప్రశ్న "పిల్లలా, ఈగలా?" అన్నది కాదు. "కాల్చడం వల్ల పిల్లలకు నిజంగా రక్షణ కలుగుతుందా?" అన్నది. కలగదని నా కళ్లతో చూశాను. రెచ్చగొట్టని తుట్టె కంటే సగం కాలిన తుట్టె ఎన్నో రెట్లు ప్రమాదకరమైనది. తేనెతుట్టెను కదిలించడమన్న నానుడి మన భాషలో ఊరికే పుట్టలేదు.

మాండవ్యుని కథ ఏమి చెబుతున్నది?

మహాభారతం ఆదిపర్వంలో మాండవ్య మహర్షి కథ ఉన్నది. మౌనవ్రతంలో ఉన్న ఆ ముని ఆశ్రమంలో దొంగలు సొమ్ము దాచారు. రాజభటులు వచ్చి అడిగితే ముని పలుకలేదు. దొంగలతోపాటు ఆయననూ కొరత వేశారు. తపోబలంతో ఆయన ప్రాణం నిలిచింది. తప్పు తెలుసుకొన్న రాజు పాదాలపై పడి దించబోతే శూలం ఊడిరాలేదు. దానిని కోసివేయగా మిగిలిన మొనతోనే ఆయన లోకంలో తిరిగాడు. అందుకే అణిమాండవ్యుడన్న పేరు వచ్చింది.

ఆయన యమధర్మరాజు వద్దకు వెళ్లి, ఏ పాపానికి తనకీ శిక్ష అని అడిగాడు. చిన్నతనంలో ఎగిరే పురుగుల తోకలకు పుల్లలు గుచ్చి ఆడుకొన్నావు, దాని ఫలమే ఇది అన్నాడు యముడు. ముని కోపించాడు. తెలియని వయసులో చేసిన చిన్న తప్పుకు ఇంత పెద్ద శిక్షా అని, నీవు భూలోకంలో మనిషివై పుట్టమని శపించాడు. ఆ యముడే విదురుడై పుట్టాడు. అంతేగాక, ఇక మీదట పదునాలుగేళ్లు నిండేవరకు బాలురు చేసినది పాపంగా లెక్కకు రాదని ముని హద్దు ఏర్పరిచాడు.

ఈ కథను సాధారణంగా కర్మఫలం తప్పదనడానికి చెబుతారు. దానిలో నాకు కనిపించే మరొక అంశం ఉన్నది. ముని ఆ శాసనం చేసినప్పుడు పురుగుకు నొప్పి లేదని అనలేదు. అది తప్పు కాదనీ అనలేదు. ఆ తప్పు బాలుని ఖాతాలో వ్రాయవద్దన్నాడు. మరి అది ఎవరి ఖాతాలో చేరాలి? ఆ బాలునికి పుల్ల అందించినవారి ఖాతాలో, చూసి ఊరుకొన్నవారి ఖాతాలో అని నేను అర్థం చేసుకొన్నాను. కాలుతున్న ఈగలను చూసి చప్పట్లు కొట్టిన పిల్లల పాపం పిల్లలది కాదు. ఆ రాత్రి అక్కడ నిలబడిన పెద్దలది, అందులో నాది.

భయం కలిగించే ప్రాణి ఎదురైనప్పుడు పెద్దలు ఏమి చేస్తారో పిల్లలు కన్నార్పకుండా చూస్తారు. మనం వందసార్లు చెప్పిన నీతి కథ కంటే ఒక్కసారి చేసిన పని వారి మనసులో నాటుకొంటుంది. కాల్చితే, అడ్డువచ్చినదానిని కాల్చవచ్చునని నేర్చుకొంటారు. ఆగితే, ఆగడం కూడా ఒక ఉపాయమేనని నేర్చుకొంటారు.

దూలానికి వేలాడే తుట్టె

మన వాఙ్మయంలో తేనెటీగకు ఉన్న గౌరవం సామాన్యమైనది కాదు. భాగవతం ఏకాదశ స్కంధంలో అవధూత తన ఇరవై నలుగురు గురువులలో తేనెటీగను కూడా చేర్చాడు. పువ్వును నొప్పించకుండా కొంచెం కొంచెంగా సారం గ్రహించడం దాని నుండి నేర్చుకొన్నానన్నాడు. కూడబెట్టినది పరుల పాలవుతుందన్న హెచ్చరికనూ దాని నుండే తీసుకొన్నాడు. ఛాందోగ్యంలో ఉద్దాలకుడు కుమారుడైన శ్వేతకేతువుకు బ్రహ్మతత్త్వం బోధిస్తూ, నానావృక్షాల రసాలు తేనెలో ఏకమైపోయే తీరును దృష్టాంతంగా చూపాడు. బృహదారణ్యకంలో మధువిద్య ఉన్నది. భూమి, నీరు, అగ్ని, వాయువు, సూర్యుడు, సకల ప్రాణులు పరస్పరం ఒకదానికొకటి తేనెవంటివన్నది దాని సారం. ఒకరి పోషణకు మరొకరు ఆధారమన్న మాట.

అమ్మవారే భ్రమర రూపం దాల్చింది. అరుణాసురుడు రెండు కాళ్ల ప్రాణితో గాని, నాలుగు కాళ్ల ప్రాణితో గాని తనకు చావు లేకుండా వరం పొందాడని దేవీభాగవతం చెబుతున్నది. ఆరు కాళ్ల ప్రాణిని వాడు లెక్కలోకి తీసుకోలేదు. దేవి అసంఖ్యాకమైన భ్రమరాలతో వానిని సంహరించింది. శ్రీశైలంలో భ్రమరాంబికా దేవి ఆలయం వెనుక గోడకు చెవి ఆనించి ఝుంకారం వినాలని భక్తులు ఇప్పటికీ వరుస కడతారు. అక్కడ గోడకు చెవి ఆనించి పరవశించిన మనమే ఇంటికి వచ్చి, నిజమైన ఝుంకారం వినబడగానే కిరోసిను డబ్బా వెదుకుతాము!

వీటన్నిటిలో నన్ను ఎక్కువగా ఆలోచింపజేసినది ఛాందోగ్యం మూడవ అధ్యాయారంభంలోని ఉపమానం. సూర్యుని దేవతల తేనెగా భావించమంటాడు ఋషి. ద్యులోకం అడ్డదూలమట. దానికి వేలాడే తేనెపట్టు అంతరిక్షమట. ఈ మాటను ఎన్నో ఏళ్లు వల్లించాను గాని దానిలోని దృశ్యం ఆ రావిచెట్టు కింద నిలబడినప్పుడే నాకు గోచరించింది. దూలానికి వేలాడే తేనెపట్టును దగ్గరగా, తీరికగా, పలుమార్లు చూసినవాడే ఈ ఉపమానం చెప్పగలడు. అంటే ఆశ్రమంలో ఎక్కడో ఒక దూలానికి పట్టు ఉండి ఉండాలి. ఆ దూలం కింద శిష్యులైన చిన్నపిల్లలు తిరుగాడుతూ ఉండి ఉండాలి. దానిని ఆయన కాల్పించి ఉంటే ఆ విద్య మనకు దక్కేదా?

ఆధునికులు కనుగొన్నవన్నీ ఋషులకు ముందే తెలుసునని నేను అనను. కార్ల్ ఫాన్ ఫ్రిష్ అనే ఆస్ట్రియా దేశపు శాస్త్రవేత్త, పువ్వులున్న చోటును తేనెటీగ సూర్యుని దిక్కును ఆధారం చేసుకొని నాట్యం ద్వారా తోటి ఈగలకు తెలుపుతుందని నిరూపించి 1973లో నోబెల్ బహుమతిని పంచుకొన్నాడు. అది ఆయన శ్రమ, ఆయన ఘనత. ఓపికగా చూసిన వారందరికీ తేనెటీగ ఏదో ఒకటి చెప్పిందన్నంత వరకే నా మాట.

ఈగ స్వభావం తెలిస్తే భయం సగం తీరుతుంది

మనం అన్నిటినీ తేనెటీగలే అంటాము గాని అన్నీ ఒకటి కావు. ఎత్తైన చెట్లకు, నీళ్ల ట్యాంకులకు, మేడల చూరులకు ఒకే ఒక పెద్ద పట్టు బహిరంగంగా కట్టేవి కొండ తేనెటీగలు. వీటికి కోపం హెచ్చు. పొదలలో చిన్న రెమ్మ చుట్టూ అరచేయంత పట్టు కట్టే చిన్న ఈగలు చాలా సాధువులు. చెట్టు తొర్రలలో, గోడ సందులలో కాపురముండేవి మరొక జాతి. వీటినే పెంపకందారులు పెట్టెలలో పెంచుతారు. ఇక ఉయ్యాల స్తంభపు ఎండు కర్రకు గుండ్రని చిల్లు తొలిచి ఒంటరిగా ఉండే పెద్ద నల్లని తుమ్మెదను చూసి పిల్లలు హడలిపోతారు. మగ తుమ్మెదకు ముల్లే లేదు. ఆడ తుమ్మెద చేతితో పట్టుకొంటే తప్ప సాధారణంగా కుట్టదు. కందిరీగలు వేరే జాతి. అవి తేనె కూర్చవు.

తేనెటీగ ఆహారం కోసం కుట్టదు, సరదాకు అసలే కుట్టదు. దాని ముల్లుకు రంపం వంటి పళ్లుంటాయి. మన చర్మంలో దిగిన ముల్లు తిరిగి రాదు. ముల్లుతోపాటు దాని పేగులూ ఊడి, అది చనిపోతుంది. కుట్టడమంటే దానికి ప్రాణత్యాగం. ఇల్లు పోతుందన్న భయం కలిగితే తప్ప అది ఆ పనికి పూనుకోదు. కుట్టిన చోట పండిన అరటిపండును తలపించే ఒక వాసన వెలువడుతుంది. అది మిగిలిన ఈగలకు ప్రమాద సూచన. ఒకటి కుట్టిన వెంటనే పది రావడానికి కారణం ఇదే. చేతులు ఆడించడం, కొట్టి చంపడం ఆ పిలుపును ఎక్కువ చేస్తాయి.

దానిని రెచ్చగొట్టేవి కొన్ని ఉన్నవి. పిల్లల రాళ్లు, పతంగుల దారాలు, చెట్టు కింద పొగ, టపాకాయలు, తేనెటీగల పట్టుకై వచ్చే గద్దలు. కొండ తేనెటీగలు రాత్రివేళ దీపాల వెలుగుకు ఆకర్షితమవుతాయి. చెట్టు దగ్గర పెద్ద దీపం ఉంటే అవి దాని చుట్టూ ముసురుకొని కింద పడి, నడిచేవారి కాళ్ల కింద నలిగి కుడతాయి.

మరొక సంగతి ముఖ్యమైనది. కొండ తేనెటీగలు ఒకచోట శాశ్వతంగా ఉండవు. పూత ఉన్నన్ని నెలలు ఉండి, పూత తగ్గగానే పట్టును విడిచి గుంపుగా వలస పోతాయి. మనం తరిమినా తరమకున్నా అవి వెళ్లేవే. మన చేతిలో ఉండవలసినది కాగడా కాదు, పంచాంగం.

మేము చేసినదేమిటి?

ఆ తల్లి ప్రశ్నకు మాటలతో కాదు, పనితో సమాధానం చెప్పాలనుకొన్నాము. రావిచెట్టు చుట్టూ విశాలంగా తాడు కట్టి, దానికి పసుపు గుడ్డలు వేలాడదీసి, లోపలికి ఎవరూ పోరాదని పలక పెట్టాము. ఉయ్యాలలను దక్షిణపు వైపున కల్యాణమండపం పక్కకు మార్చాము. దీనికి ఒక రోజు పని, ఇద్దరు మనుషులు చాలారు. చెట్టుకు ఎదురుగా ఉన్న పెద్ద దీపాన్ని ఆర్పించి, దారికి మాత్రం తలవంచిన చిన్న దీపం పెట్టించాము. హోమకుండాన్ని గాలివాటు చూసి ఆవలి వైపుకు జరిపాము. ఆ యేడు ఉత్సవంలో టపాకాయలు మానుకొన్నాము. దీనికి కొందరు నొచ్చుకొన్నారు. స్వామి నొచ్చుకోలేదనే నా నమ్మకం.

పిల్లలందరినీ కూర్చోబెట్టి నేర్పించాము. ఈగ దగ్గరకు వస్తే చేతులు విసరవద్దు, మెల్లగా పక్కకు తప్పుకోవాలి. గుంపుగా వస్తే ముఖం కప్పుకొని తిన్నగా పరుగెత్తి గదిలోకి పోయి తలుపు వేసుకోవాలి. నీళ్లలో దూకరాదు, పైకి తేలేవరకు అవి కాచుకొని ఉంటాయి. ముల్లు దిగితే గోటితోనో మరెట్లానో ఆలస్యం లేకుండా తీసివేసి, సబ్బుతో కడిగి, చల్లని గుడ్డ వేయాలి. ఒళ్లంతా దద్దుర్లు వచ్చినా, ముఖమో గొంతో వాచినా, ఊపిరి ఆడకున్నా, కళ్లు తిరిగినా ఒక్క నిమిషం కూడా ఆగక ఆసుపత్రికి చేర్చాలి. అడ్రినలిన్ ఇంజెక్షన్ ప్రాణం నిలుపుతుంది. ఎక్కువ ఈగలు కుట్టిన పిల్లవానిని ఈ లక్షణాలు లేకపోయినా వైద్యునికి చూపించాలి. విభూతి పెట్టి, మంత్రం వేసి ఇంటికి పంపమని ఎవరైనా నా వద్దకు తెస్తే నేను ముందుగా ఆటో పిలుస్తాను. మంత్రం దారిలో చదువుతాను.

ఆ తల్లి తన బాబును వైద్యుని వద్దకు తీసుకొనివెళ్లి సలహా పొందింది. తుట్టె ఉన్నన్నాళ్లూ వాడిని ఆలయం వైపు పంపనన్నది. నేను బలవంతం చేయలేదు.

అంతా నిర్విఘ్నంగా సాగిందని చెప్పను. చైత్రమాసంలో ఒక కుర్రవాడు తాడు దాటి రాయి విసిరాడు. వాడికి మూడు ముళ్లు దిగాయి. వైద్యునికి చూపించి, సాయంకాలానికి ఇంటికి తెచ్చాము. పెద్దలు మళ్లీ కాగడా మాట ఎత్తారు. ఆశ్చర్యం ఏమంటే, వారిని వద్దన్నది నేను కాదు, ఆ కుర్రవాడే. "రాయి నేనే వేశాను కదా" అన్నాడు. ఆ వాక్యం విన్న తరువాత నాకు చెప్పవలసినది మిగలలేదు.

వైశాఖం ముగియవచ్చేసరికి ఒక ఉదయం తుట్టె మీద ఈగలు లేవు. తెల్లని మైనపు పట్టు మాత్రం గాలికి కదులుతున్నది.

ఆగడానికి వీలులేని చోట

అన్ని చోట్లా ఇట్లా ఆగడం సాధ్యం కాకపోవచ్చు. పాఠశాల తరగతిగది కిటికీకే పట్టు కట్టవచ్చు. పసిపిల్లల అంగన్‌వాడి గుమ్మం మీద కట్టవచ్చు. అటువంటి చోట తొలగించక తప్పదు. కాని తొలగించడానికి పద్ధతి ఉన్నది. ముందుగా పిల్లలను ఆ చోటి నుండి పంపివేయాలి. తేనెటీగల పని తెలిసినవారిని, రక్షణ దుస్తులు ఉన్నవారిని పిలవాలి. తొర్రలోని ఈగలనైతే పెంపకందారులు మెల్లగా పెట్టెలోకి మార్చుకొని తీసుకుపోతారు. కొండ తేనెటీగలు పెట్టెలో ఇమడవు. వాటిని జనసంచారం లేని వేళ, అనుభవజ్ఞుల చేత మాత్రమే కదిలించాలి. నల్లమల చెంచులు తరతరాలుగా కొండచరియలలో తేనె తీసినవారు. వారికి ఈ ఈగల స్వభావం కరతలామలకం. అటువంటి అనుభవం లేనివాడు సీసాడు పెట్రోలుతో చెట్టెక్కడం సాహసం కాదు, అవివేకం.

ఒకవేళ ఈ ఈగలన్నీ పోతే మనకేమిటి నష్టమని అడిగేవారున్నారు. తేనె లేకపోతే చక్కెర ఉన్నది కదా అంటారు. గుమ్మడికి, దోసకు, కాకరకు మగపువ్వు వేరు, ఆడపువ్వు వేరు. మగపువ్వులోని పుప్పొడిని ఆడపువ్వుకు చేర్చే దూత లేకపోతే పిందె నిలువదు. ఆ దూతలలో ముఖ్యమైనది తేనెటీగ. ఇంటికి దృష్టి తగలకూడదని మనం గుమ్మానికి కట్టే బూడిద గుమ్మడికాయ సైతం దాని చలవే. ప్రొద్దుతిరుగుడు రైతును అడిగితే ఇంకా వివరంగా చెబుతాడు. ఐక్యరాజ్యసమితి 2018 నుండి మే 20వ తేదీని ప్రపంచ తేనెటీగల దినోత్సవంగా పాటిస్తున్నది. మనకు ఆ ఒక్క రోజు చాలదు. పెండ్లిలో వరునికి మధుపర్కం ఇచ్చే జాతి మనది. అభిషేకం జరిగిన ప్రతి దినమూ మనకు తేనెటీగల దినమే.

ఆలయ ధర్మకర్తలకు, కాలనీ సంఘాలవారికి, పాఠశాలల పెద్దలకు నా విన్నపం ఒక్కటే. పిల్లలు ఆడే చోట తుట్టె కనబడితే ఆ రోజే కాగడా వెదకకండి. ఆ రోజే తాడు వెదకండి. పిల్లలను దూరం జరపండి, దీపం ఆర్పండి, తెలిసినవారిని అడగండి. అప్పటికీ తప్పదంటే పద్ధతిగా తొలగించండి. ఆగగలిగిన చోట ఆగండి. మనకు ఖర్చయ్యేది కొన్ని వారాల ఓర్పు, కొన్ని గజాల తాడు.

ఈ మాఘంలో ఆ రావికొమ్మకే మళ్లీ తుట్టె పట్టింది. ఈ ఈగల అలవాటే అంత. తరాలు మారినా పాత చోటును వెదుక్కొంటూ వస్తాయి. కిందటేడు కాగడా మాటతో వచ్చిన పెద్దమనుషులే మళ్లీ ఒక ఉదయం ముఖమండపంలోకి వచ్చారు. ఈసారి వారి వెంట ఆ తల్లి కూడా ఉన్నది. కొడుకు చేయి గట్టిగా పట్టుకొని, మండపం దాటకుండా నిలబడింది. నేను అభిషేకానికి తేనె పోసుకుంటున్నాను.

"పంతులుగారూ, ఉయ్యాలలు ఈ ఆదివారం మారుద్దామా? పోయినసారి కట్టిన తాడు ఎక్కడ పెట్టారు?" అని అడిగారు.

వాహనశాలలో, పల్లకి పక్కన ఉన్నదని చెప్పాను. స్వస్తి.